చెడుగుడు: కృష్ణా డెల్టా ఊపిరి విద్య

కృష్ణా డెల్టాలో ఏ పనికైనను, ఏ పండుగకైనను, చివరకు ఏ ఆటకైనను వేళను నిర్ణయించునది కాలువ. బెజవాడ ఆనకట్ట వద్ద తలుపులు లేచి ఏలూరు కాలువకు, బందరు కాలువకు, రైవస్ కాలువకు నీరు వదలిన దినము మొదలు సార్వా పంట నూర్చి ధాన్యము గాదెలకు చేరువరకు కంకిపాడు, ఉయ్యూరు, గుడివాడ వైపు పల్లెలలోను, దిగువన దివిసీమలోను పడుచువాండ్రకు పొలము తప్ప వేరొక ధ్యాస ఉండెడిది కాదు. వరి కోసిన చేలలో వెంటనే మినుమో పెసరో పైరై నిలుచుటచేత సంక్రాంతినాటికి ఊరిలో ఖాళీగా దొరకునది కళ్ళము మాత్రమే. దిమ్మిసకొట్టి, పేడతో అలికి, ఎడ్ల గిట్టలక్రింద రాయివలె గట్టిపడిన ఆ నేలమీద చెడుగుడుకు తొలి ఋతువు మొదలగును. మినుములు ఇల్లుచేరి, వేసవిలో కాలువలు కట్టివేసి, కృష్ణ సన్నని పాయలుగా చీలి ఇసుకతిన్నెలు బయల్పడిన పిమ్మట, వెన్నెల రాత్రులయందు రెండవ ఋతువు వచ్చును. 1855లో పూర్తియైన పాత ఆనకట్టకు 1952లో గండిపడినప్పుడును, 1957లో ప్రకాశం బ్యారేజి నిలిచినప్పుడును డెల్టా బ్రదుకులో మార్పులు చాల కలిగినవి గాని, పనికిని పనికిని నడుమ దొరకు ఆ విరామమున ఆడుకొను వాడుక మాత్రము చాలకాలము నిలిచినది.

ఈ రెండు నేలలు రెండు విధములైన ఆటగాండ్రను తయారుచేసినవి. కళ్ళము గట్టినేల; దానిమీద పాదము చప్పున తిరుగును, కూతపెట్టుచు ఎదుటివారి బరిలోకి పోయినవాని వేగమునకు ఎదురులేదు. ఇసుకలో కాలు దిగబడును, వేగము సగమై పట్టువానిది పైచేయి అగును; అయితే పడినను దెబ్బ తగులదు గనుక కళ్ళములో సాహసింపని దూకుడులు అక్కడ సాహసింతురు. రెంటిలోను పెరిగిన కుర్రవాడు ఎక్కడనైనను నిలువగలడు.

చెడుగుడును కండలుగల కుర్రకారు కాలక్షేపముగా భావించువారు కలరు. నా మతమున ఇది మొదట ఊపిరి విద్య, పిమ్మట చెవి విద్య, ఆ రెంటి తరువాతనే కండబలము.

ఊపిరి సంగతి కొంత వివరముగా చెప్పవలెను. కూతకు పోవువాడు గీత దాటకముందే గాలి పీల్చుకొనవలెను. దాటిన క్షణము నుండి తిరిగివచ్చువరకు నోట కూత తెగరాదు, నడుమ మరల గాలి పీల్చరాదు. అనగా ఎదుటివారి బరిలో వాడు చేయు సమస్త వ్యాపారమును, పరుగు, మలుపు, తన్ను, పెనుగులాట, అన్నియు ఒకే ఒక ఉచ్ఛ్వాసముతో కూడబెట్టుకొన్న గాలి వ్యయమగుచుండగా జరుగవలెను. కొత్తవాడు చేయు తప్పిదము సామాన్యముగా ఒక్కటే: ఎదుటివారిని బెదరింపదలచి గొంతెత్తి అరచును, ఆ అరపులో సగము గాలి మొదటి నాలుగడుగులలోనే పోవును. గీత ప్రక్కన గొంతుకూర్చున్న పాతకాపు అప్పుడు వానిని కేకవేయును: “గొంతుతో కాదురా అబ్బాయ్, పొట్టతో పట్టు!” ఆ పాతకాపు మాటలో శాస్త్రము కలదు. రొమ్ము పొంగించి పీల్చిన గాలి పైపైన నిలుచును. కడుపు నిండునట్లు పీల్చినది లోతుగా నిలిచి, లాకు తలుపు వ్రేలెడంత ఎత్తి కాలువకు నీరు వదలినట్లు, సన్నని ధారగా, సమముగా వెలువడును. నేర్పరి కూత బిగ్గరగా ఉండదు. తుమ్మెద రొదవలె అణగి, ఆదినుండి అంతమువరకు ఒకే శ్రుతిలో ఉండును. వాడు లోపల సగము గాలిని ఖర్చుపెట్టక ఉంచుకొనును, ఏలయనగా పట్టుబడినప్పుడు పెనుగులాటలో ఒక్క క్షణము పదిక్షణములకు సరిపడు గాలిని మ్రింగివేయును.

కాలిపని దాని తరువాతిది. కూతగాడు బరిలో నిటారుగా నడువడు. మోకాళ్ళు వంచి, బరువంతయు ముంగాళ్ళపై నిలిపి, ఏ క్షణమందైనను వెనుకకు త్రుళ్ళుటకు వీలుగా కదలును. ముందుకు చాచిన చేయి చాలవరకు ఎర. ఎదుటివారి చూపు చేతిమీద నిలిచియుండగా కాలు తన పని చేయును. బొటనవ్రేలి కొనతో నేలమీదుగా జారవిడిచి ఎదుటివాని పాదమును తాకుట ఒక ఉపాయము. వీపు త్రిప్పి వెడలిపోవువానివలె నటించి మడమతో వెనుకకు తన్నుట మరియొకటి. చేతులు కలిపి అడ్డముగా వచ్చువారి క్రిందనుండి ఒక్కసారిగా కూలబడి దూరి గీత అందుకొనుట అన్నిటికంటె చూడముచ్చటైనది, అన్నిటికంటె అపాయకరమైనది కూడ. తల వంచుట ఒక అరక్షణము ఆలస్యమైనచో మెడ మీదనే భారమంతయు పడును. పట్టుబడిన పిమ్మట శరీరములో ఏ భాగమైనను, వ్రేలికొస యైనను, కూత తెగకుండ గీతను అందుకొన్న చాలును; పట్టుకొన్నవారందరును చచ్చినట్లే. అందుచేతనే అనుభవజ్ఞుడు పట్టుబడగానే నిలిచి పోరాడడు, పొడవుగా ముందుకు పడును. పడుటలోనే ఒక నిలువెత్తు దూరము కలిసివచ్చును.

పట్టువారి పక్షమున ప్రధానమైనది మూల. రెండు మూలలయందు నిలుచువారు చీలమండ పట్టులో ఆరితేరినవారై ఉండవలెను. కూతగాని కాలు గాలిలో నుండగా పట్టుకొనరాదు, అది జారును. దేహభారము ఆ కాలిపైకి వాలి పాదము నేలను ఒత్తినప్పుడే రెండు చేతులతో మండను బంధించి, తన రొమ్మును వాని మోకాటికి ఆనించి, వెనుకకు కాక ప్రక్కకు లాగవలెను. వెనుకకు లాగినచో వాడు తన బరువును ముందుకు వేసి తప్పించుకొనును; ప్రక్కకు లాగినచో నిలుచుటకు రెండవ కాలు చాలదు. ఆ ఒక్క ఘడియలో మిగిలినవారు నడుము పట్టును తొడపట్టును వేయుదురు. ముందుగా నడుముపై దూకువాడు పేరు తెచ్చుకొనవచ్చును గాని, చూడనేర్చినవారు మండ పట్టినవానినే మెచ్చుకొందురు.

ఇక చెవి. మంచి పట్టువాడు కూతగాని ముఖమును, చేతులను నమ్మడు, అవి అబద్ధమాడును. కూత అబద్ధమాడుట కష్టము. గాలి తరుగుకొలది నాదము సన్నబడును, అక్షరములు దగ్గరపడును, కొసన ఒక చిన్న వణకు పుట్టును. ఆ వణకు వినబడిన వెంటనే మూలవాడు అడుగు ముందుకు వేయును, ఏలయనగా కూతగాడు ఇక మరలక తప్పదు, మరలునప్పుడు ఒక క్షణము వాని వీపు తమవైపు ఉండును. ఇది తెలిసిన గడుసువాడు గాలి నిండుగా ఉండగనే కూతను బుద్ధిపూర్వకముగా వణకించి, మూలవానిని ముందుకు రప్పించి, తన్ని పోవును. ఇట్లు ఒకడు తన శ్వాసతో చెప్పు మాటను మరియొకడు పరీక్షించుచు ఆడు ఆట లోకములో ఎన్ని ఉన్నవో నేనెరుగను. ఇంత సూక్ష్మత ఇంత పేద నేలమీద పుట్టినందుకు మాత్రము నాకు గర్వముగా ఉన్నది.

చచ్చినవాడు గీత వెలుపల కూర్చుండును. తనవారు ఎదుటి పక్షమున ఒకని చంపినచో, ముందు చచ్చినవాడు ముందు బ్రతికి లోనికి వచ్చును. దేశమందు ఈ పద్ధతికి సంజీవని యని పేరు. బ్రతుకుట లేని గామిని, చచ్చినను బరి విడువక లెక్క మాత్రమే వ్రాయు అమర్ అను మరి రెండు పద్ధతులు కూడ ఉండెడివి. మహారాష్ట్రమున హుతుతు, తమిళదేశమున సడుగుడు, వంగదేశమున హాడుడు అని ఒక్కొక్కచోట ఒక్కొక్క తీరున ఆడుచుండిన ఈ ఆటకు కబడ్డీ పేరిట ఒకే నిబంధనావళి కూర్చుటకై 1950లో అఖిల భారత కబడ్డీ సమాఖ్య ఏర్పడెను. పురుషుల తొలి జాతీయ పోటీలు 1952లో మదరాసులో జరిగెను. ఆంధ్ర రాష్ట్రము 1953 అక్టోబరు 1న గాని అవతరింపలేదు గనుక, కృష్ణా జిల్లాకు అప్పటికి మదరాసే రాజధాని. స్త్రీల పోటీలు 1955లో కలకత్తాలో మొదలైనవి. పల్లెలలో ఆడపిల్లలను బరి దరిదాపులకు రానీయని కాలమున అది చిన్న విషయము కాదు. 13 మీటర్ల పొడవు, 10 మీటర్ల వెడల్పు గల బరి, పక్షమునకు 7 మంది, 20 నిమిషముల చొప్పున రెండు భాగములు: ఇవి నేటి పురుషుల ఆట కొలతలు.

సమాఖ్య ఏర్పడిన ఆ 1950వ సంవత్సరముననే ఆస్ట్రేలియా ఖండమున మెల్బోర్న్ నగరములో విక్టోరియన్ ఫుట్‌బాల్ లీగ్ పేరిట 12 జట్లు పోరాడినవి. అండాకారపు బంతితో, పక్షమునకు 18 మంది చొప్పున, క్రికెట్ లేని చలికాలమున క్రికెట్ మైదానములయందే ఆడు ఆట అది. మన చెడుగుడు సేద్యము లేని నెలలలో కళ్ళమును వాడుకొన్నట్లే అదియును మరియొకదాని విరామమున బ్రతికినది. జట్లలో చాలవరకు నగరములోని ఒక్కొక్క పేటవి. పేటకును జట్టునకును గల అభిమానము మన ఊరికిని ఊరి జట్టునకును ఉండు అభిమానము వంటిదే. ఆ యేడు తుది పోరులో ఎసెండన్ జట్టు నార్త్ మెల్బోర్న్‌ను 92–54తో ఓడించెను. జాన్ కోల్‌మన్ అనువాడు ఆ ఋతువులో 120 గోల్సు కొట్టెను. అక్కడ గోలునకు 6 పాయింట్లు, గురి తప్పి ప్రక్క స్తంభముల నడుమ పోయినదానికి 1. ఎసెండన్ వారి ఆనాటి లెక్క 13 గోల్సు, 14 తప్పిన గురులు. తప్పిన గురులను సైతము వారు వ్రాసిపెట్టుకొన్నారు! అదే సంవత్సరమున దివిసీమ ఇసుకలో మండపట్టు పట్టినవాని పేరు ఏ కాగితము మీదను లేదు. డెల్టా వ్యాయామప్రియత్వమునకు పేరుగన్నదే. ‘నర్తనశాల’లో భీముడుగా నిలిచిన బరువులెత్తు వీరుడు దండమూడి రాజగోపాలరావు ఈ నేలవాడే, విజయవాడలోని ఇండోర్ స్టేడియము ఆయన పేరనే ఉన్నది. ఒంటరిగా బరువెత్తినవాని కీర్తి నిలిచినది, గుంపుగా ఆడినవారి విద్య నోటిమాటగానే మిగిలినది.

ఈ విద్య విలువను గూర్చి తలచునప్పుడు నన్ను ఎక్కువగా కదలించునది మరియొకటి. బంతి లేదు, బల్లెము లేదు, కొనవలసిన వస్తువే లేదు. బూడిదతోనో మడమతోనో గీత గీసినచో బరి సిద్ధము. ఆటంతయు తాకుటలోనే ఉన్నది. తాకుటనే పాపముగా ఎంచిన పల్లెలలో, ఊరి కుర్రవాండ్రును పేట కుర్రవాండ్రును కలిసి బరిలోకి దిగిన చోట, చేయి తగిలినవాడు ఎవడని ఎవరును అడుగలేదు. తగిలెనా లేదా యనునదే ప్రశ్న. కలిసి దిగనీయని ఊళ్ళును ఉండెను. అక్కడ ఆట కూడ ఆ గోడను దాటలేకపోయినది. అయినను దిగినచోట జరిగినదానిని తక్కువగా చూడరాదు. నడుము పట్టి, కాలు పట్టి, ఒకే ఇసుకలో దొర్లి లేచినవారు మరునాడు గట్టుమీద ఎదురుపడినప్పుడు, కొంతకొంతగా నైనను, నిన్నటి మనుష్యులు కారు.

1990లో బీజింగ్ ఆసియా క్రీడలలో కబడ్డీ ప్రవేశించి భారతదేశమునకు స్వర్ణము తెచ్చెను. 2014లో ప్రో కబడ్డీ లీగ్ వచ్చి, తెలుగు టైటాన్స్ అను జట్టు పేరు పిల్లల నోళ్ళలో నానినది. ఆ వెలుగును నేను ఆక్షేపింపను. మెత్తని చాపలు వచ్చి మెడలను మోకాళ్ళను కొంత కాపాడినవి. ఆడినవారికి జీతము దొరకినది. కాని కూతకు 30 సెకండ్ల గడువు వచ్చినది మొదలు ఆటకు కొలత ఊపిరి గాక గడియారమైనది. కూత నేటికిని నియమమే, తెగినచో అంపైరు వెనుకకు పంపవలసినదే. అయినను జనము హోరులో ఆ నాదము వినబడదు, వినబడని నాదమును బట్టి మూలవాడు అడుగు వేయలేడు. చెవి విద్య తొలుత అక్కడనే అడుగంటుచున్నది.

మన జిల్లా పాఠశాలలలో ఆట నేర్పు ఉపాధ్యాయులకు నా మనవి ఒకటి. పిల్లలను పట్టులలో దింపుటకు ముందు, ఎదురు పక్షము లేకుండ గీతమీద వరుసగా నిలిపి, కడుపునిండ ఒకసారి గాలి పీల్చించి, అణకువైన కూతతో ఎదుటి కొసవరకు నడచి తిరిగి రమ్మనవలెను. ఆ సేపు మిగిలిన పిల్లలు కన్నులు మూసుకొని వినుచు, ఎవని కూత ఎక్కడ వణకినదో చెప్పవలెను. ఊరిలో ఇంకను మిగిలియున్న పాత ఆటగాండ్రను ఒక సాయంకాలము బడికి పిలిచి, వారు మండను ఎట్లు పట్టుదురో, ఏవైపు లాగుదురో, ఆ పట్టును తమ ఊరిలో ఏమని పిలుచుదురో వారి నోటనే చెప్పించి, పిల్లల చేతనే నోటుపుస్తకములలో వ్రాయింపవలెను. సంక్రాంతి సెలవులు అందుకు తగిన సమయము. కళ్ళములు ఉన్న ఊళ్ళు ఇంకను కొన్ని ఉన్నవి.