చెవిలో మైనం, నాలిక మీద తాళం

సైరన్ అనగానే మనలో చాలామందికి జ్ఞాపకం వచ్చేది మిల్లు కూత. పన్నెండింటికి అది కూసిందంటే క్యారేజీ వేళకి అందిందో లేదో అని గుండె దడదడలాడిన ఇల్లాళ్ళు ఎంతమందో! కూత కూసే ఆ యంత్రానికి ఆ పేరు పెట్టింది ఒక ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు, 1819లో. నీళ్ళలో కూడా మోగుతుంది కనుక, సముద్రపొడ్డున కూచుని పాడే గ్రీకు కథల ఆడవాళ్ళ పేరు దానికి తగిలించాడు. పాపం, పాట పాడేవాళ్ళ పేరు చివరికి కూతకి మిగిలింది. అయినా అన్నం వేళతో దానికున్న ముడి మాత్రం తెగలేదు. పాటకీ వంటకీ ఉన్న ఆ ముడి పుస్తకాల్లో ఎక్కడెక్కడ పడిందో చూద్దామని నా సరదా.

హోమర్ ‘ఒడిస్సీ’ని సాహసయాత్ర అంటారు పండితులు. వంటింటి వైపు నుంచి చదివితే అది అచ్చంగా తిండి కథ. అందులో ఎవరో ఒకరు తింటూనే ఉంటారు, లేదా ఎవరో ఒకర్ని తినేస్తూ ఉంటారు. తామరలాంటి ఏదో పండు తిని ఇల్లు మరిచిపోయేవాళ్ళు కొందరు. ఒంటికన్ను రాక్షసుడు మింగేసిన వాళ్ళు ఆరుగురు. సర్సీ అనే మంత్రగత్తె జున్నూ, యవల పిండీ, తేనే, ద్రాక్షసారాయీ కలిపి పెడితే తిని పందులైపోయిన వాళ్ళు మరికొందరు. ఆఖరికి సూర్యుడి ఆవుల్ని కోసుకుతిన్న పాపానికి ఒడీసియస్ తప్ప ఓడలో వాళ్ళందరూ చస్తారు. ఇంటి దగ్గర చూద్దామా అంటే, పెనెలొపీని పెళ్ళాడతామని వచ్చిన నూట ఎనిమిది మంది ఏళ్ళ తరబడి తిష్ఠ వేసి పందుల్నీ మేకల్నీ ఖాళీ చేస్తున్నారు. కథానాయకుడు కూడా తక్కువవాడు కాదు. రాజుగారి కొలువులో నిలబడి, నా ఏడుపు తర్వాత ఏడుస్తాను, ముందు అన్నం తిననివ్వండి, కడుపుకంటే సిగ్గులేనిది లేదు అంటాడు. అంత గొప్ప వీరుడు ఇంత మామూలు మాట అన్నందుకే నాకు అతనంటే ఇష్టం.

ఇక సైరన్లు. వాళ్ళు ఇద్దరే. వాళ్ళ అందం గురించి హోమర్ ఒక్క ముక్క చెప్పడు. పక్షి ఒళ్ళూ ఆడదాని తలా గ్రీకు కుండల మీద బొమ్మలు వేసినవాళ్ళ కల్పన, చేపతోక ఇంకా ఎన్నో శతాబ్దాల తర్వాత తగిలించింది. హోమర్ వాళ్ళకిచ్చింది గొంతు మాత్రమే. ఆ గొంతుతో వాళ్ళు పిలిచే పిలుపు శృంగారానికనుకుంటారు చాలామంది, చదవకుండా. చదివి చూడండి. ట్రాయ్ యుద్ధంలో ఎవరెవరు ఏమేం పడ్డారో మాకు తెలుసు, భూమ్మీద జరిగేదంతా మాకు తెలుసు, విని జ్ఞానంతో వెళ్ళు అంటారు. అంటే హరికథకి రమ్మన్నట్టు! 2017లో ‘ఒడిస్సీ’ మొత్తాన్ని ఇంగ్లీషు చేసి ప్రచురించిన ఎమిలీ విల్సన్, ఆ పని చేసిన మొదటి మహిళ, ఒక చిన్న సంగతి పట్టుకుంది. మూలంలో సైరన్ల ‘నోళ్ళు’ అని ఉంటే, అంతకుముందు అనువదించిన మగవాళ్ళు చాలామంది ‘పెదవులు’ అని రాసుకున్నారట. నోటికీ పెదవికీ ఎంత దూరమో మనకి వేరే చెప్పాలా?

ఇంతకంటే చిత్రమైనది మరొకటుంది. ఒడీసియస్ రాజుగారింట విందులో కూచున్నప్పుడు డెమొడొకస్ అనే కళ్ళులేని గాయకుడు పాడతాడు. ఏం పాడతాడు? అదే ట్రాయ్ కథ. ఒడీసియస్ తన వాటా మాంసంలోంచి కొవ్వు పట్టిన మంచి ముక్క కోసి ఆ గాయకుడికి పంపిస్తాడు. గాయకులంటే లోకమంతా గౌరవించాలి అంటాడు. నిండిన బల్లా, పాడే మనిషీ ఉంటే అంతకు మించిన సుఖం లేదని కూడా అంటాడు. అదే పాట ఇద్దరాడవాళ్ళు పాడబోతే మైనపుముద్ద కోసి, ఎండలో మెత్తగా పిసికి, ఓడవాళ్ళ చెవుల్లో కూరి, తను కొయ్యకి కట్టించుకున్నాడు. మగగొంతుకి మాంసం ముక్క, ఆడగొంతుకి మైనం ముక్క!

ఒడ్డున మనుషుల ఎముకల గుట్ట ఉంది కదమ్మా అంటారు. ఉంది. కానీ వాళ్ళు ఎలా చచ్చారో హోమర్ చెప్పలేదు. పాటకి పరవశులై తిండి మానేసి చచ్చారని ఊహించింది తర్వాతివాళ్ళు. సైరన్ల పాట విని బతికి వచ్చి చెప్పినవాడు ఆ కావ్యంలో ఒడీసియస్ ఒక్కడే. అతను ఎన్ని అబద్ధాలు ఎంత అందంగా ఆడగలడో ఆ కావ్యమే సాక్ష్యం.

అదే కావ్యంలో నాకు మరపురానిది సైరన్ కాదు, తిరగలి దగ్గర ఒక ఆవిడ. ఇరవయ్యో సర్గలో కనిపిస్తుంది. ఆ నూట ఎనిమిది మందికీ రొట్టెలకి పిండి విసరడానికి పన్నెండుమంది ఆడవాళ్ళు. పదకొండుమంది విసిరేసి పడుకున్నారు. అందరిలోకీ బలహీనురాలు, ఆవిడ వంతు ఇంకా అవలేదు. తెల్లవారుతోంది. తిరగలి ఆపి, దేవుడా, వీళ్ళు తినే ఆఖరి భోజనం ఇవాళ్టిదే కావాలి అని దండం పెడుతుంది. అంతే, మళ్ళీ కనిపించదు. పేరు కూడా లేదు. ఇరవైనాలుగు సర్గల విందుల వెనక చప్పుడు చేసిన తిరగలి అది. మార్గరెట్ ఆట్‌వుడ్ 2005లో ‘పెనెలొపియాడ్’ రాసినప్పుడు, ఒడీసియస్ ఇంట ఉరితీయించిన పన్నెండుమంది దాసీలకి గొంతు ఇచ్చి పాడించింది. మంచి పని. ఈ తిరగలావిడ మీద కూడా ఎవరైనా ఒక నవల రాస్తే చదవాలని ఉంది.

తర్వాతి కాలం వాళ్ళు సైరన్లని ఏం చేశారో గబగబా చెప్పేస్తాను. ఆండర్సన్ 1837లో తన చిన్నారి జలకన్య చేత రెండు కాళ్ళ కోసం నాలుకే కోయించుకునేలా చేశాడు. పాట పోయాక రాకుమారుడు వేరే పిల్లని చేసుకున్నాడు. ఆ కథ చిన్నపిల్లలకి ఎలా చెబుతారో నాకు అర్థం కాదు. కాఫ్కా 1917లో రాసిన రెండు పేజీల్లో సైరన్లు అసలు పాడనే లేదు, వాళ్ళ మౌనం పాట కంటే భయంకరం అన్నాడు. తెలివైన మాటే గానీ ఆకలి తీరదు. జాయిస్ ‘యులిసిస్’లో (1922) సైరన్లు డబ్లిన్ హోటల్లో మద్యం అందించే ఇద్దరమ్మాయిలు. అక్కడ పాడేది మగవాళ్ళే, బ్లూమ్ గారు ఆ పాట వింటూ వేపుడు కాలేయం తింటుంటాడు. భార్య మరొకడి కోసం ఎదురు చూస్తోందని తెలిసి కూడా తింటాడు. మనసు విరిగిన మనిషి ఫోర్కు ఎలా పట్టుకుంటాడో చూపించిన ఆ ఘట్టం కష్టపడి చదివినా నష్టం లేదు.

మన పెద్దన్నగారి వరూధిని దగ్గరికి వస్తే, పిలుపు చెవికి కాదు, ముక్కుకి. హిమాలయాల్లో దారి తప్పిన ప్రవరుడికి ముందు తగిలింది కస్తూరీ కర్పూరం కలిసిన తాంబూలం వాసన. భోజనం అయ్యాక వేసుకునే తాంబూలం వాసనతో ఆ బ్రాహ్మడికి అక్కడ మనిషి ఉందని తెలిసింది. ఆ మనిషి కోసం పెద్దన ఆశ్వాసాల కొద్దీ పద్యాలు పోశాడు. మరి ఇంటి దగ్గర ప్రవరుడి భార్య? వేయిమంది వచ్చినా వండడానికి అలవదు, అన్నపూర్ణకి సాటి అని ఒక మెచ్చుకోలు. అక్కడితో సరి. అలవదని ఆవిడ చెప్పిందా, ఆయన చెప్పాడా? ‘ఆముక్తమాల్యద’ రాసిన రాయలు ఈ విషయంలో నయం. వానాకాలం నిప్పు కోసం ఇల్లిల్లూ తిరిగి, తెచ్చిన నిప్పు రాజుకోక పొగలో అవస్థపడే ఇల్లాలిని పద్యంలోకి తెచ్చాడు. ఏ వంటింటి గుమ్మం దగ్గర నిలబడి చూశాడో మహారాజు!

వంటనే నవలగా చేసిన వాళ్ళలో అందరూ చెప్పుకునేది మెక్సికో రచయిత్రి లారా ఎస్కివెల్. 1989లో వచ్చిన ‘లైక్ వాటర్ ఫర్ చాక్లెట్’లో పన్నెండు నెలలు, పన్నెండు వంటలు. ఆఖరి కూతురు పెళ్ళి చేసుకోకుండా తల్లికి చాకిరీ చెయ్యాలని ఆ ఇంటి ఆచారం. టీటా ప్రేమించినవాణ్ణి అక్కకిచ్చి చేస్తూ పెళ్ళి కేకు టీటా చేతే చేయిస్తారు. ఆ పిండిలో ఆమె కన్నీళ్ళు పడి, తిన్న అతిథులందరూ ఏడుస్తారు. గులాబీరేకుల పులుసులో వండిన పూరేడు పిట్టలు తిని మరో అక్క ఇల్లు వదిలి పారిపోతుంది. మొదటి సగం నేను ఆనందంగా చదివాను. తర్వాత మహిమలు ఎక్కువై, చివర మంటలు సినిమాలో లాగా లేచాయి. కూరలో కారం ఎక్కువైతే పెరుగు వేసుకోవచ్చు, నవలలో ఎక్కువైతే ఏం చేస్తాం?

నా మనసులో నిలిచిపోయినది వేరే. డెన్మార్కు రచయిత్రి కారెన్ బ్లిక్సెన్, ఐజాక్ డినెసెన్ అనే మగపేరుతో ఇంగ్లీషులో రాసిన ‘బాబెత్స్ ఫీస్ట్’. అమెరికా వాళ్ళకి తిండి గురించి రాస్తే నచ్చుతుందని మిత్రుడొకాయన సలహా ఇస్తే రాసిందని చెబుతారు. 1950లో అచ్చయింది ఎక్కడనుకున్నారు? మనది లాంటిదే, ‘లేడీస్ హోమ్ జర్నల్’ అనే ఆడవాళ్ళ పత్రికలో. ఆడవాళ్ళ పత్రికల్లో వచ్చేవి సాహిత్యం కాదనే పెద్దమనుషులు ఈ సంగతి కొంగున ముడి వేసుకోవాలి.

నార్వేలో ఒక మారుమూల పల్లె. మతగురువు కూతుళ్ళు మార్టీన్, ఫిలిప్పా. ఫిలిప్పాది దివ్యమైన గొంతు. పారిస్ నుంచి వచ్చిన గాయకుడు పాపిన్ చర్చిలో విని, ఈ పిల్ల లోకాన్ని ఏలుతుందని పాఠాలు మొదలుపెడతాడు. ఒక యుగళగీతం చివర ముద్దు పెట్టుకుంటాడు. అంతే, పిల్ల తండ్రి చేత ఉత్తరం రాయించి పాఠాలు మానేస్తుంది. తన చెవిలో తనే మైనం పెట్టుకున్న సైరన్! పదిహేనేళ్ళ తర్వాత, 1871లో, ఆ పాపిన్ ఉత్తరం పట్టుకుని బాబెత్ వస్తుంది. పారిస్ తిరుగుబాటులో ఆమె భర్తనీ కొడుకునీ కాల్చి చంపేశారు. జీతం లేకపోయినా పని చేస్తానంటుంది. వండటం వచ్చు అని మాత్రం రాశాడు పాపిన్. అక్కచెల్లెళ్ళు ఆమెకి ఎండుచేపా, రొట్టె నానేసిన గంజీ ఎలా చెయ్యాలో నేర్పుతారు. పన్నెండేళ్ళు అదే వండింది మహాతల్లి.

తర్వాత ఆమెకి లాటరీలో పదివేల ఫ్రాంకులు వస్తాయి. గురువుగారి నూరవ జయంతికి ఫ్రెంచి విందు చేస్తానని బతిమాలుతుంది. బతికున్న తాబేలు ఇంట్లోకి రాగానే మార్టీన్ బెంబేలెత్తి, ఈమె మమ్మల్నందర్నీ విషం పెట్టి చంపేస్తుందని కలగంటుంది. అంటే బాబెత్ వాళ్ళ కంటికి సర్సీ అయింది. భక్తులందరూ కూడబలుక్కుంటారు, ఏం వడ్డించినా నోటితో దాని మాటే ఎత్తకూడదని. ఓడవాళ్ళు చెవికి వేసుకున్న మైనం వీళ్ళు నాలిక మీద వేసుకున్నారన్నమాట. తాబేలు సూపు, చేపగుడ్లు పెట్టిన అట్లు, పిండిగూటిలో పూరేడు పిట్టలు, పాతకాలపు ద్రాక్షసారాలు. తిన్నవాళ్ళ పాత కోపాలు కరుగుతాయి, ఒకరినొకరు క్షమించుకుంటారు. రుచి గురించి మాత్రం ఒక్కరూ మాట్లాడరు. మాట్లాడింది ఒకప్పుడు పారిస్‌లో తిన్న సేనాపతి ఒక్కడే. ఇలాంటి పూరేళ్ళు ఒక గొప్ప హోటల్లో ఒక వంటామె చేసేదని జ్ఞాపకం చేసుకుంటాడు. ఆ వంటామె గోడ అవతలే ఉందని అతనికి తెలియదు.

ఈ కథని దైవకృపకి ప్రతీక అనీ, త్యాగమూర్తి కథ అనీ చాలామంది రాశారు. నేను ఒప్పుకోను. విందు అయ్యాక అక్కచెల్లెళ్ళు వంటింట్లోకి వెళితే, మసిపట్టిన గిన్నెల మధ్య మాంసం కొట్టే మొద్దు మీద పాలిపోయి కూచుని ఉంటుంది బాబెత్. ఆ హోటల్లో వంటామెను నేనే అంటుంది. పదివేలూ ఖర్చయిపోయాయంటుంది. అయ్యో, మా కోసం అంతా ఊడ్చేశావా అని వాళ్ళు కన్నీళ్ళు పెట్టుకోబోతే, మీ కోసం కాదు, నా కోసం చేశాను, నేను కళాకారిణిని అని తేల్చి చెబుతుంది. అంతకంటే కష్టమైన మాట మరొకటి కూడా చెబుతుంది. తన భర్తనీ కొడుకునీ చంపించిన వాళ్ళే ఆ హోటల్లో తన వంట రుచి తెలిసి తిన్నవాళ్ళు. వాళ్ళు దుర్మార్గులు, అయినా నేనేమిటో వాళ్ళకే తెలుసు, వాళ్ళు లేకపోయాక నాకు తిరిగి వెళ్ళేందుకు పారిస్ లేదు అంటుంది. మెచ్చినవాడు శత్రువు, ప్రేమించేవాళ్ళకి రుచి తెలియదు. ఇది త్యాగం ఎలా అవుతుందండీ? రుచి తెలిసిన నాలిక కోసం ఒక మనిషి పడిన ఆకలి ఇది. అప్పుడు ఫిలిప్పా ఆమెని కౌగిలించుకుని, స్వర్గంలో నువ్వు గొప్ప కళాకారిణివి అవుతావంటుంది. ఒకప్పుడు పాపిన్ తన గొంతు గురించి ఉత్తరంలో రాసిన ఓదార్పే అది. పాడటం మానేసిన ఆడదానికి తప్ప ఆ మాట అనే అర్హత మరెవరికీ లేదు.

గాబ్రియేల్ ఆక్సెల్ 1987లో దీన్ని సినిమాగా తీశాడు, ఊరిని నార్వే నుంచి డెన్మార్కుకి మార్చి. ఆస్కారు వచ్చింది. అప్పటికి రచయిత్రి పోయి పాతికేళ్ళు. 1950ల మధ్యలో ఆమెకి కడుపు ఆపరేషను చేసి కొంత భాగం తీసేశారు. ఆ తర్వాత ఆమె సరిగా తినలేకపోయింది. 1959లో అమెరికా వెళ్ళినప్పుడు విందులకి పిలిచినవాళ్ళు ఆమె కోసం ఆల్చిప్పలూ, ద్రాక్షపళ్ళూ, షాంపేనూ సిద్ధం చేసేవారు. పుల్లలా చిక్కిపోయి, బల్ల దగ్గర కథలు చెబుతుంటే అందరూ తినడం ఆపి వినేవారట. 1962లో ఆమె చనిపోయింది.

కథ పొడుగైనదేం కాదు, ఒక మధ్యాహ్నంలో అయిపోతుంది. దొరికితే చదవండి. చదివేటప్పుడు మాత్రం పొయ్యి మీద ఏమీ పెట్టకండి, మాడిపోతుంది.