క్రాయిత్స్‌బెర్గ్ వకీలు

నల్ల గౌను తొడిగినంత మాత్రాన నటుడు వకీలైపోడు. మాన్‌ఫ్రెడ్ క్రూగ్ అయ్యాడు. 1986 నుంచి 1998 దాకా వచ్చిన ‘లీప్లింగ్ క్రాయిత్స్‌బెర్గ్’ అనే జర్మన్ టీవీ సీరియల్‌లో ఆయన రాబర్ట్ లీప్లింగ్. బెర్లిన్ వీధుల్లో మోటార్‌సైకిలెక్కి తిరిగే, పనంటే బద్ధకించే లాయరు.

జర్మన్ కోర్టులో జ్యూరీ ముందు గర్జించే వీలుండదు. సాక్షిని మొదట ప్రశ్నించేది జడ్జీయే. అందుకే అక్కడ వకీలు వేషం కట్టినవాడికి అసలు పరీక్ష వినడంలోనే. క్రూగ్ వింటుంటే చూడాలి! ఆ భారీ మనిషి కదలకుండా కూర్చుంటాడు, ఎదుటివాడి మాట ఎక్కడ తడబడిందో మన కంటే ముందే ఆయన కళ్లకు తెలిసిపోతుంది. మాటలు చాలావరకు రాసింది చిరకాల మిత్రుడు, నవలాకారుడు యూరెక్ బెకర్. ఆ గొంతుకు ఏది నప్పుతుందో బాగా ఎరిగినవాడు.

క్రూగ్ తూర్పు జర్మనీలో ఉక్కు కార్మికుడిగా మొదలైనవాడు. గాయకుడు వోల్ఫ్ బీర్మన్ పౌరసత్వాన్ని అక్కడి ప్రభుత్వం రద్దు చేసినందుకు 1976లో నిరసన పత్రం మీద సంతకం పెట్టి, మరుసటి ఏడు పశ్చిమానికి వచ్చేశాడు. అధికారం ముందు నిలబడటం ఆయనకు స్వానుభవం.

లీప్లింగ్ వేషం వేస్తున్న కాలంలోనే ‘టాటోర్ట్’ అనే క్రైమ్ సీరియల్‌లో హాంబర్గ్ పోలీసు అధికారిగానూ మెప్పించాడు. నా ఓటు మాత్రం వకీలుకే.