ప్రవాహమూ తీరమూ: ‘ఆగ్ కా దరియా’లో కాలనది

కోల్‌కతా నగరానికి నైరుతి దిశగా, ఖిదిర్‌పూర్ రేవులకు చేరువలో ఏక్‌బాల్‌పూర్ ఉన్నది. ఉర్దూ పలుకు విరివిగా వినిపించే పేట అది. దానికి తూర్పున, అలీపూర్ దాటితే, కాళీఘాట్ పక్కగా ఒక మురికి కాలువ పారుతున్నది. ఒకప్పుడు గంగ సముద్రాన్ని చేరిన దారి అదే. ప్రధాన ప్రవాహం పక్కకు మళ్లగా పూడిపోతూ వచ్చిన ఆ పాయను 1770ల దశకంలో విలియం టాలీ పడవల రాకపోకల కోసం తవ్వించాడు. నాటి నుండి అది టాలీ నాలా. మన కాలంలో మెట్రో రైలు స్తంభాలు దాని గర్భంలోనే లేచాయి. అయినా కాళీఘాట్‌కు వచ్చే భక్తులకు అది నేటికీ ఆదిగంగయే. నీరు మారినది, దారి మారినది, పేరు నిలిచినది. ఇది ఆనాటి నదియేనా, వేరొక నదియా?

ఈ ప్రశ్ననే రెండున్నర వేల ఏండ్ల విస్తృతిలో నిలిపిన ఉర్దూ నవల ‘ఆగ్ కా దరియా’. తెలుగులో చెప్పుకోవాలంటే ‘అగ్నినది’. కుర్రతులైన్ హైదర్ (1927–2007) దేశవిభజన తరువాత పాకిస్తాన్‌కు వెళ్లి అక్కడే దీనిని 1959లో వెలువరించారు. కొన్నేండ్లకే భారతదేశానికి తిరిగివచ్చారు. 1998లో ఈ నవలను తామే ఆంగ్లంలో పునఃసృష్టి చేశారు.

కథ మౌర్యసామ్రాజ్యం తలయెత్తుతున్న కాలంలో ప్రారంభమవుతుంది. శ్రావస్తి విద్యార్థి గౌతమ నీలాంబరుడు, అయోధ్యవాసిని చంపక, బౌద్ధభిక్షువైన హరిశంకరుడు అప్పటి పాత్రలు. పదిహేనవ శతాబ్దిలో పశ్చిమం నుండి కమాలుద్దీన్ వస్తాడు. జౌన్‌పూర్ సుల్తానుల కొలువులో పండితుడైన అతడు చివరకు బెంగాలులో సేద్యగాడై స్థిరపడతాడు. కుంపిణీ యుగంలో గౌతమ నీలాంబర దత్తు కలకత్తాలో గుమాస్తా, చంపాజాన్ లక్నోలో వేశ్య. ఇరవయ్యవ శతాబ్దిలో ఈ పేర్లే లక్నో, లండన్ నగరాల విద్యావంతులవి. వారి స్నేహబృందాన్ని దేశవిభజన చెదరగొడుతుంది.

ఈ పునరావృత్తిని పునర్జన్మ కథగా చదివేవారున్నారు. ఒకే ఆత్మ నాలుగు దేహాలు ధరించినదని వారి భావం. ఇది అంగీకరించదగినది కాదు. పూర్వజన్మస్మృతి అనే సులభోపాయాన్ని రచయిత్రి చేపట్టలేదు. కుంపిణీ గుమాస్తాకు శ్రావస్తి విద్యార్థి సంగతి తెలియదు. ఒకరి అనుభవం మరొకరికి ఆస్తిగా సంక్రమించదు. సంక్రమించేది పరిస్థితి మాత్రమే: ఎదురుచూపు, ఎడబాటు, యుద్ధం తెచ్చే నిర్వాసం. మిళిందుని సందేహానికి నాగసేనుడు చూపిన దీపం ఇక్కడ గుర్తుకు రాక మానదు. తొలిజామున వెలిగిన జ్వాల, కడజామున వెలిగే జ్వాల ఒకటి కావు, పరస్పరం సంబంధం లేనివీ కావు. బౌద్ధులు సంతానమన్నది ఇటువంటి అవిచ్ఛిన్నతనే. అందువలన అగ్నిని, నదిని ఒకచోట చేర్చిన ఈ శీర్షిక మనకు వింతగా తోచదు. అది జిగర్ మొరాదాబాదీ ప్రణయద్విపద నుండి గ్రహించినదే అయినా, గయాశీర్షంలో వినిపించిన ఆదిత్తపర్యాయ సూత్రానికి దూరమైనది కాదు.

అయితే కాలాన్ని నది అనడంలోనే ఒక చిక్కు ఉన్నది. నది అనగానే తీరం ఉండాలి, తీరాన నిలిచి చూసేవాడుండాలి. ఆచార్య నాగార్జునుడు మూలమధ్యమక కారికలలోని కాలపరీక్షాప్రకరణంలో, కేవలం ఆరు కారికలతో, ఈ ఊహనే నిలదీశాడు. భూతాన్ని అపేక్షించకుండా వర్తమానం సిద్ధించదు; అపేక్షిస్తే అది భూతంలోనే ఉండవలసివస్తుంది. వస్తువులను ఆశ్రయించినదే కాలమైతే, వస్తువులకు ఆవల కాలమెక్కడ? ఈ తర్కం ముందు, అన్నింటినీ మోసుకుపోయే మహానది కేవలం అలంకారమై మిగులుతుంది.

నవల పూర్వభాగం ఈ పరీక్షకు నిలుస్తుంది. అక్కడ తీరాన నిలిచినవాడెవడూ లేడు. యుద్ధంలో చేతివ్రేళ్లు పోగొట్టుకున్న గౌతముడు సరయూనదిని ఈదబోయి వరదపాలవుతాడు. అతని మునకతోనే ఒక యుగం ముగుస్తుంది. కాలగమనాన్ని రచయిత్రి వివరించలేదు, పట్టు తప్పిన ఆ చేతిలో చూపించారు.

చివరిభాగంలో ఈ నిగ్రహం సడలినదని చెప్పక తప్పదు. ఇరవయ్యవ శతాబ్ది పాత్రలు నదిలో ఈదడం మాని నదిని గురించి ఉపన్యసిస్తారు. లక్నో నాగరికత వారి సంభాషణలలో చెక్కుచెదరని స్వర్ణయుగంగా గడ్డకడుతుంది. గంగాయమునల సంగమమని మనం గర్వించే సంస్కృతికి శాశ్వతస్వభావాన్ని ఆపాదించడం కూడా శాశ్వతవాదమే. విభజనను కోరినవారు గతం తమదొక్కరిదే అన్నారు. దానిని వ్యతిరేకించినవారు గతం ఎప్పటికీ అందరిదీ అన్నారు. రెండవమాట ఉదారమైనదే. కాని రెండింటిలోనూ గతం ఒక ఆస్తి.

నవలను ఈ లోపం నుండి కాపాడినది చంప. ఏ యుగంలోనూ ఆ సంస్కృతి ఆమెకు నిలకడైన చోటు ఇవ్వలేదు. ఒకప్పుడు అంతఃపురం పాలయినది, మరొకప్పుడు ముసలితనంలో బిచ్చమెత్తినది. అందరిదీ అనుకున్న వైభవంలో అందరికీ సమానభాగం లేదని ఆమె ఉనికియే సాక్ష్యమిస్తుంది. చివరి చంప, అంటే చంపా అహమద్, పాకిస్తాన్‌కు పోదు, ఐరోపాలో ఉండిపోదు. సొంత ఊరైన కాశీకి తిరిగివస్తుంది. అక్కడ వైభవం వేచి ఉండదని ఆమెకు తెలియనిది కాదు. ఓఘాన్ని ఎట్లా దాటితివని దేవత అడిగినప్పుడు, నిలిచిపోకుండా, పెనుగులాడకుండా దాటితినని బుద్ధుడన్నట్లు సంయుక్తనికాయం చెబుతుంది. నిలిచిపోతే మునుగుతాడు, పెనుగులాడితే కొట్టుకుపోతాడు. నిలిచిపోవడం గతాన్ని పట్టుకొని ఉండడమైతే, కొట్టుకుపోవడం దేశాన్ని విడిచి పరుగెత్తడం. చంప ఈ రెండూ చేయలేదు. ఈ ఒక్క నిర్ణయంలో నవల తన ఉపన్యాసాలన్నింటికంటే లోతుకు పోయినది.

మనకూ ఇటువంటి నది ఉన్నది. నాగార్జునకొండ లోయలోని ఇక్ష్వాకుల విజయపురి కృష్ణాజలాశయంలో మునిగినది. మునగకముందు పైకి చేర్చి పునర్నిర్మించిన కట్టడాలను నేడు కొండమీద చూస్తున్నాము. అవి ఆనాటివేనా అని అడిగితే, ఔననీ కాదనీ అనలేము. వాటిని ‘మావి’ అనే ముందు ఆగి ఆలోచించడం ఆ లోయకు మనం చేయగల న్యాయం. ఏక్‌బాల్‌పూర్‌లో ఉర్దూ మాట్లాడే పాఠకునికి, కాళీఘాట్ మెట్లపై ఆదిగంగకు మొక్కే భక్తునికి ఈ నవల చెప్పేదీ అదే: ప్రవాహానికి వారసులుంటారు గాని యజమానులుండరు.