మిక్సింగ్ చేయని క్యాసెట్టు

పాత పెళ్లి క్యాసెట్టును డిజిటల్‌లోకి ఎక్కించాలంటే మొదట కావాల్సింది బాగా నడిచే వీసీఆర్. ఈ క్యాసెట్ల ఫార్మాట్ అయిన వీహెచ్ఎస్ 1976లో జపాన్‌లో పుట్టింది. వీసీఆర్‌ల తయారీలో చివరిదాకా నిలిచిన ఫునాయ్ కంపెనీ కూడా 2016లో ఆపేసింది. ఇక దొరికేవన్నీ వాడిన మెషీన్లే. అవి మూలపడేలోగా ఈ పని తెమలాలి.

తర్వాత క్యాసెట్టు కిటికీలోంచి టేపు చుట్టను వెలుతురులో చూడాలి. దాని మీద ముగ్గుపిండి రాలినట్టు తెల్లగా కనిపిస్తే బూజే అనుకోవాలి. కోస్తా ఊళ్ల ఉక్కలో బీరువా అడుగున పడి ఉన్నవాటికి ఈ బెడద ఎక్కువ. శుభ్రం చేయకుండా వాటిని ఆడించకూడదు. బూజు వీసీఆర్ హెడ్లకు అంటి, తర్వాత వేసే మంచి క్యాసెట్టునూ పాడుచేస్తుంది. టేపు బాగుంటే, పొరపాటున దాని మీద రికార్డు కాకుండా వెనకంచున ఉండే చిన్న ప్లాస్టిక్ పలకను విరిచేయాలి.

మూడు గంటల క్యాసెట్టు ఎక్కడానికి మూడు గంటలూ పడుతుంది, అడ్డదారి లేదు. బొమ్మ వణకకుండా, పైభాగం వంగిపోకుండా టైమ్ బేస్ కరెక్టర్ అనే పరికరం కాపాడుతుంది. డీవీ ఫార్మాట్‌లో గంటకు దాదాపు 13 గిగాబైట్లు కావాలి. ఫోన్లో పంపే చిన్న ఫైలు ఒక్కటే చేయించుకుంటే చాలదు. కుదింపులో పోయిన వివరం మళ్లీ రాదు.

షష్టిపూర్తికి తెరమీద వేద్దామని పిల్లలు సాధారణంగా మిక్సింగ్ చేసిన క్యాసెట్టే తెస్తారు. పూలరేకులు, హృదయాకారాలు, సినిమా పాటలతో అది చూడముచ్చటగానే ఉంటుంది. కానీ అది టేపు నుంచి టేపుకు తీసిన కాపీ. అందులో బొమ్మ ఒక మెట్టు మసకబారింది, పెళ్లింటి మాటలను పాటలు మింగేశాయి. కెమెరాలో తిరిగిన అసలు క్యాసెట్టులో చదివింపుల మైకు ఆగకుండా వినిపిస్తుంది. బంతిలో ఎవరో పప్పు మారు వడ్డించమంటారు. కెమెరా తన వైపు తిరగగానే అమ్మమ్మ కొంగు సర్దుకుని, పక్కావిడతో ఏదో అంటుంది. ఆ గొంతు ఇంకెక్కడా లేదు. సాగదీత అని అప్పట్లో కత్తిరించినవి ఇవే. అసలు క్యాసెట్టు ఇంట్లో ఉంటే ముందు దాన్నే, ఒక్క నిమిషమూ తీసేయకుండా ఎక్కించాలి.

ఫైళ్లను రెండు డిస్కుల్లో, వేర్వేరు ఇళ్లలో ఉంచాలి. క్యాసెట్టునూ పారేయకూడదు, చివరిదాకా చుట్టి, తడి తగలనిచోట పుస్తకంలా నిలబెట్టాలి.