రెండోసారి... ఆగండి

రెండోసారి అన్నాక పాట నడిపే మనిషి కాస్త ఆగుతాడు. వేలంలో నేర్పంతా అక్కడే ఉందని నా నమ్మకం. మా ఊరి చెరువుగట్టు మీది చింతచెట్ల కాపును ఏటా పంచాయతీ అరుగు ముందు వేలం వేసేవాళ్లు. ముందురోజు సాయంత్రం డప్పుతో చాటింపు. పాడాలంటే ధరావతు కట్టాలి, వినడానికి మాత్రం ఊరంతా వచ్చేది. వ్యాపారులు అంతకుముందే చెట్ల కింద తిరిగి, ఏ చెట్టుకు ఎన్ని బస్తాలు దిగుతాయో అంచనా కట్టుకుని ఉండేవాళ్లు. సర్కారు పాట చెప్పగానే అందరూ మౌనం. పాట నడిపే పెద్దాయన తొందరపడేవాడు కాదు. ఎవరు ఎవరివైపు చూస్తున్నారో, తువ్వాలు ఎవరు భుజం మారుస్తున్నారో గమనిస్తూ ఉండేవాడు. వ్యాపారులు కుమ్మక్కయ్యారని తోస్తే, "గిట్టుబాటు ధర రాలేదు, పాట వాయిదా" అనేవాడు. ఊరు ఎదురుగా కూర్చుని ఉంది కాబట్టే ఆ మాట చెల్లేది.

అలా ఊరి ముందే సాగే మరో పాట హైదరాబాదు శివారు బాలాపూర్‌లో గణేశుడి లడ్డూ వేలం. అది 1994లో 450 రూపాయలతో మొదలైంది. ఆ లడ్డూను పొలంలో చల్లితే పంట పండుతుందని రైతుల విశ్వాసం. 2024లో అది 30 లక్షల వెయ్యి పలికింది, 2025లో 35 లక్షలు. టీవీలు ఈ అంకెల్నే చూపిస్తాయి. నాకు మాత్రం ఆ డబ్బు గుడికీ ఊరి పనులకూ పోవడమే ముఖ్యం.

కానీ సర్పంచి పదవికే పాట పెట్టే ఊళ్లను చూస్తే కడుపు మండుతుంది. ఇది చెల్లదని ఎన్నికల సంఘం హెచ్చరిస్తూనే ఉంది. డబ్బు గుడికేగా, రోడ్డుకేగా అంటారు. చింతకాపు ఊరందరిది, ఊరు కలిసి అమ్ముకోవచ్చు. ఓటు ఎవరిది వాళ్లదే. నలుగురు పెద్దలు కూర్చుని పక్కవాడి ఓటును ఎలా అమ్ముతారు? కాపు వేలంలో ధరావతు కట్టలేని కూలీ పక్కన నిలబడి వింటాడు, అందులో అన్యాయమేమీ లేదు. ఎన్నికలో అతనికీ భూస్వామికీ ఒక్కొక్క ఓటే. పదవిని వేలం వేసిన రోజున అతను మళ్లీ పక్కన నిలబడి వినాల్సిందే, అదీ తనను ఐదేళ్లు ఏలబోయే మనిషి ధర.