తీర్పు తరువాతి కథ

న్యాయస్థానాన్ని మన రచయితలు విరివిగానే వాడుకున్నారు. ‘కన్యాశుల్కం’లో లుబ్ధావధానులుపై మోపిన హత్యాభియోగం ఎంత బోలుదో ప్రేక్షకునికి ముందే తెలుసు, హత్యకు గురైనదన్న పెండ్లికూతురు మారువేషంలోని బాలుడు. కాని సౌజన్యారావు పంతులు పూనుకొన్నది విచారణదశలో. శిక్ష పడి, లోకం మరచిన తరువాత నిర్దోషి పక్షాన నిలిచే వకీలు మన సాహిత్యంలో అరుదు.

బ్రయన్ స్టీవెన్‌సన్ 2014లో ప్రకటించిన ‘జస్ట్ మెర్సీ’ అటువంటి వకీలు స్వీయగాథ. ఆయన 1989లో అమెరికాలోని అలబామా రాష్ట్రంలో ఈక్వల్ జస్టిస్ ఇనీషియేటివ్ అనే సంస్థను స్థాపించి, మరణశిక్ష పడిన నిరుపేదల తరఫున వాదించిన నల్లజాతి న్యాయవాది. గ్రంథానికి వెన్నెముక వాల్టర్ మెక్‌మిలియన్ ఉదంతం. 1986లో మన్రోవిల్ పట్టణంలో ఒక తెల్లజాతి యువతి హత్యకు గురైంది. ఆ వేళ మెక్‌మిలియన్ తన ఇంటివద్ద బంధుమిత్రుల నడుమ ఉన్నాడు. వారంతా నల్లవారు; వారి సాక్ష్యం చెల్లలేదు. విచారణకు ముందే అతన్ని మరణశిక్షితుల గదిలో ఉంచారు. 1988లో ఒకటిన్నర రోజులో విచారణ ముగిసింది. జ్యూరీ యావజ్జీవ కారాగారం చాలునన్నది. న్యాయమూర్తి దానిని త్రోసిపుచ్చి మరణశిక్ష విధించాడు. హార్పర్ లీ పుట్టిన ఊరు మన్రోవిల్. 1960లో వెలువడిన ఆమె నవలను చూచి గర్వించే పట్టణంలోనే ఇది జరిగింది!

ముఖ్యసాక్షి వాఙ్మూలం గల టేపును స్టీవెన్‌సన్ రెండవవైపు త్రిప్పి వింటాడు. ఎరుగని మనిషిని ఇరికించమంటున్నారని ఆ సాక్షే పోలీసులతో మొరపెట్టుకొంటున్నాడు. నాటకకర్త చేతిలో పడితే పిడుగులు కురిసేవి. ఇక్కడ కొద్ది వాక్యాలతో సరి. ఈ నిగ్రహమే గ్రంథానికి బలం.

మెక్‌మిలియన్ కథ నడుమ ఇతరుల కథలు అడ్డు తగులుతవి. 1989లో విద్యుత్ కుర్చీకి బలియైన హెర్బర్ట్ రిచర్డ్‌సన్ కథ అందులో ఒకటి. పాఠకుడు విసుగుకొనవచ్చు, ఈ కూర్పే సరియైనదని నా అభిప్రాయం. గెలిచిన దావాలే ఏర్చి కూర్చితే అది వకీలు ఆత్మస్తుతి అయ్యేది. ఓడినవాటిని ప్రక్కన నిలుపుటచేత గెలుపు ఎంత అపురూపమో బోధపడుతుంది.

లోపం లేకపోలేదు. షెరీఫు, న్యాయమూర్తి మనుష్యులుగా రూపొందలేదు. వారు తమకు తాము ఏమని సమాధానం చెప్పుకొని నిద్రించేవారో మనకు తెలియదు. అక్కడ రచయిత వకీలుగానే మిగిలిపోయాడు. ఎదుటి పక్షం అంతరంగంలోకి దూరడం అతని వృత్తి కాదు. ఆ పని నవలాకారునిది. అక్కడక్కడ ఉపన్యాసధోరణి కూడ చొరబడింది.

మెక్‌మిలియన్ 1993లో విడుదలైనాడు. గ్రంథం అక్కడ ఆగలేదు. ముసలితనంలో మతి తప్పిన అతనికి వృద్ధుల ఆశ్రమమే మరణశిక్షితుల గదిగా తోచింది. చూడవచ్చిన తన వకీలునే, నన్ను ఇక్కడినుండి బయటికి తీసుకొని పొమ్మని వేడుకొన్నాడు. ఈసారి వేయవలసిన అప్పీలు ఏదీ స్టీవెన్‌సన్ చేతిలో లేదు.