రామప్పపంతులు నుంచి శంకరశాస్త్రి దాకా

1980 ఫిబ్రవరి 2న ‘శంకరాభరణం’ విడుదలైనప్పుడు అందులో శంకరశాస్త్రి వేషం వేసిన నటుడెవరో రాష్ట్రంలో చాలామందికి తెలియదు. విజయనగరం నాటకాభిమానులకు తెలుసు. శృంగవరపుకోట నుంచి బస్సెక్కి వెళ్లి అక్కడ నాటకాలు చూసొచ్చే మావైపు వాళ్లకీ తెలుసు. వాళ్ల దృష్టిలో జె.వి. సోమయాజులు అంటే ‘కన్యాశుల్కం’ నాటకంలోని రామప్పపంతులే.

శ్రీకాకుళం జిల్లా లుకలాం అగ్రహారంలో పుట్టిన సోమయాజులు రెవెన్యూ శాఖలో డిప్యూటీ కలెక్టర్ దాకా ఎదిగారు. ఉద్యోగం చేస్తూనే తమ్ముడు జె.వి. రమణమూర్తితో కలిసి ఏళ్ల తరబడి ‘కన్యాశుల్కం’ ఆడారు. తమ్ముడు గిరీశం, అన్న రామప్పపంతులు. 1892లో విజయనగరంలోనే తొలిసారి ప్రదర్శించిన నాటకం అది. 1909లో గురజాడ పెంచి రాసిన ప్రతిని ఉన్నదున్నట్టు ఆడితే ఒక రాత్రి చాలదు. కుదించి ఆడాల్సిందే. కుదించాక ప్రతి మాటా బరువెక్కుతుంది.

రామప్పపంతులు వేషం కష్టమైనది. గిరీశానికి మాటల గారడీ ఉంది, చప్పట్లు వాటంతట అవే వస్తాయి. పంతులు వ్యాజ్యాలమారి, డాంబికుడు, పైకి పెద్దమనిషి. తనను నాటకంలోని వేశ్య మధురవాణి ఆటపట్టిస్తోందని ప్రేక్షకుడికి తెలుస్తుంది, ఆయనకు తెలియదు. ఆ తెలియనితనాన్ని నటుడు దాచుకోకుండా చూపాలి. అందుకు మొదట కావాల్సింది వినడం. ఎదుటి పాత్ర మాట పూర్తయ్యేదాకా ఆగాలి, ఆ మాట లోపలికి దిగినట్టు ముఖంలో కనపడాలి, ఆ తరవాతే తన మాట అందుకోవాలి. వేదిక మీద చాలామంది తమ వంతు కోసం కాచుకుంటారు తప్ప వినరు. రైతులు చెప్పుకునే గోడు రోజంతా వినే ఉద్యోగం కూడా ఆయనకు ఇందులో సాయపడి ఉంటుందని నా నమ్మకం.

‘శంకరాభరణం’ దర్శకుడు కె. విశ్వనాథ్ ఆ వినికిడిని కెమెరా ముందుకు తెచ్చారు. అప్పటికి సోమయాజులుకి యాభై దాటాయి. నాటకంలో చివరి వరసకు అందేలా విసిరే గొంతును తెర కోసం బాగా దించారు. అందుకే పెళ్లిచూపుల్లో కూతురు పాటలో అపస్వరం దొర్లినప్పుడు “శారదా!” అన్న ఒక్క కేకకి హాలు ఉలిక్కిపడింది. అంతదాకా ఆ గొంతు దాచి ఉంచారు కాబట్టే ఆ కేకకంత బలం. మంజుభార్గవి వేసిన తులసి పాత్రతో శంకరశాస్త్రికున్న అనుబంధం దాదాపు మాటల్లేకుండానే నడుస్తుంది. చూపు ఎంతసేపు నిలపాలి, ఎప్పుడు తిప్పుకోవాలి అన్నదే అక్కడ నటన.

పాడింది ఎస్.పి. బాలసుబ్రహ్మణ్యం. ఆ గానానికి జాతీయ అవార్డు వచ్చింది. ఆ గొంతు ఈ శరీరంలోంచే వస్తోందని జనం నమ్మారంటే అది సోమయాజులు పనితనం. పెదవులు కలిపితే చాలదు. ఊపిరి ఎక్కడ తీసుకున్నారో ఛాతీ చెప్పాలి, పై స్థాయికి వెళ్లినప్పుడు మెడ నరం బిగియాలి, చేతిలో తాళం తప్పకూడదు. ఆయన కూర్చున్న తీరులోనే కచేరీ కనిపిస్తుంది.

వేరే ఉద్యోగం చేసి, నాటకాల మీదుగా ఆలస్యంగా తెరకెక్కే ఇలాంటి దారి బ్రిటిష్ సినిమాలోనూ ఉంది. 1951లో ‘స్క్రూజ్’తో పేరు మోగిన అలిస్టర్ సిమ్ మొదట ఎడింబరోలో ఉచ్చారణ నేర్పే అధ్యాపకుడు. ముప్పైకి వచ్చాకే వృత్తి నటుడై, నాటకరంగం మీదుగా తెరకెక్కాడు. ఆలస్యంగా వచ్చినవాళ్లు వెంట ఒక జీవితాన్ని తెస్తారు.

తరవాత సోమయాజులుని పండితుడిగా, పూజారిగా, తండ్రిగా మన సినిమా పదేపదే వాడుకుంది. ‘వంశవృక్షం’, ‘త్యాగయ్య’ వచ్చాయి. ‘విజేత’లో మధ్యతరగతి తండ్రి. నాకు మాత్రం ‘సప్తపది’ యాజులే గొప్ప. ఆచారంలో పండిపోయిన ఆ ముసలాయన, మనవడి భార్యను ఆమె మనసిచ్చిన హరిజన యువకుడి వెంట పంపడానికి సిద్ధపడతాడు. ఆ మార్పును ఆయన ఒక్క సన్నివేశంలో తెచ్చిపెట్టలేదు, సినిమా పొడుగునా కొంచెం కొంచెంగా కరిగారు. ‘శంకరాభరణం’ వెలుగులో ఈ పనికి రావాల్సినంత పేరు రాలేదు.

ఆయన 2004లోనూ, రమణమూర్తి 2016లోనూ పోయారు. ఇద్దరూ పోయినా నాటకం మనదగ్గరే ఉంది. సంక్రాంతికో, కాలేజీ వార్షికోత్సవానికో మన శృంగవరపుకోట కుర్రాళ్లు ‘కన్యాశుల్కం’ ఎత్తుకుంటే గిరీశం కోసం పోటీ పడతారు. పడనివ్వండి. రామప్పపంతులు వేషం మాత్రం మిగిలిపోయినవాడికి అంటగట్టకండి, మీలో బాగా వినగలిగినవాడికివ్వండి.